కాటా స్లిప్పులు సర్వర్‌కు వెళ్లడం లేదు: పాత లిబ్‌కర్ల్, ఎర్రర్ 35 సంగతి

మీరు రాసినదాంట్లో నాకు అర్థమైనది ఇది. చిత్తూరు దగ్గర మామిడి గుజ్జు ఫ్యాక్టరీ, గేటు పక్కన వేబ్రిడ్జి, ఆ గదిలో 64-బిట్ విండోస్ 7 కంప్యూటర్. 2009లో చేయించుకున్న కాటా సాఫ్ట్‌వేర్ లోడు బరువు, ఖాళీ బండి బరువు తీసుకుని స్లిప్ కొడుతుంది, ఆ వివరాలను చెన్నైలోని హెడ్డాఫీసు సర్వర్‌కు పంపుతుంది. వాళ్లు సర్వర్ మార్చిన రోజు నుంచి పంపడం ఆగింది, లాగ్‌లో ఎర్రర్ 35. తెలిసిన కుర్రాడు ఏదో సైట్ నుంచి లిబ్‌కర్ల్.డీఎల్ఎల్ (ప్రోగ్రాం ఇంటర్నెట్‌లో డేటా పంపడానికి వాడుకునే ఫైల్) దించి ప్రోగ్రాం ఫోల్డర్‌లో ఒకటి, సిస్టమ్32లో ఒకటి వేశాడు. ఇప్పుడు ప్రోగ్రామే తెరుచుకోవడం లేదు, 0ఎక్స్‌సీ000007బీ అంటోంది. రాసిచ్చిన సంస్థ మూతపడింది. గేటు బయట తోతాపురి ట్రాక్టర్లు. మీ టెన్షన్ అర్థమైంది.

ముందు కాటా నడవాలి, ఇంటర్నెట్ సంగతి తర్వాత. ఆ కుర్రాడు వేసిన రెండు ఫైళ్లూ తీసేయండి. విండోస్ 7 తనంతట తాను సిస్టమ్32లో లిబ్‌కర్ల్ పెట్టుకోదు కాబట్టి అక్కడిది భయం లేకుండా తీసేయొచ్చు. ప్రోగ్రాం ఫోల్డర్‌లో పాతదాని పేరు మార్చి ఉంచి ఉంటే అదే పేరుతో తిరిగి పెట్టండి. పాతదాని మీదే కొత్తది పడి ఉంటే ఫోల్డర్ మీద రైట్ క్లిక్ చేసి ‘రీస్టోర్ ప్రీవియస్ వెర్షన్స్’ చూడండి, చాలాసార్లు అక్కడ దొరుకుతుంది. అదీ లేకపోతే అప్పట్లో ఇచ్చిన ఇన్‌స్టాల్ సీడీ బీరువాలో ఎక్కడో ఉంటుంది, వెతికించండి. పాత ఫైల్ చేరగానే ప్రోగ్రాం తెరుచుకుంటుంది. సర్వర్‌కు పంపకపోయినా బరువు తీయడం, స్లిప్ కొట్టడం ఆగవు, అవన్నీ ఆ కంప్యూటర్‌లోనే జరిగే పనులు. రైతు చేతికి స్లిప్ అందితే గేటు దగ్గర గొడవ ఉండదు.

తర్వాత, ఇంకేం ముట్టుకోకముందే, ప్రోగ్రాం ఫోల్డర్ మొత్తాన్ని పెన్‌డ్రైవ్‌లోకి కాపీ చేయండి. డేటాబేస్ ఫైల్, సెట్టింగ్స్ ఫైల్, పంపకుండా మిగిలిన స్లిప్పుల పెండింగ్ ఫోల్డర్ ఆ కాపీలో ఉన్నాయని తెరిచి చూసుకోండి. తిరుపతిలో లాడ్జీల రిసెప్షన్ సాఫ్ట్‌వేర్లు, ఆసుపత్రుల బిల్లింగులు, మీలాంటి కాటాలు బాగు చేస్తూ నేను చూసినదాంట్లో అసలు లోపం కన్నా తొందరలో చేసిన రిపేర్ల వల్ల పోయిన డేటాయే ఎక్కువ.

ఇప్పుడు అసలు విషయం. మీకు ఫైల్ పోలేదు, పాడవలేదు. ఆ ఫైల్‌కు వచ్చిన భాష పాతబడింది. అందుకే అదే పేరున్న ఫైల్‌ను ఎన్ని సైట్ల నుంచి దించినా మీ పని జరగదు.

లిబ్‌కర్ల్ అంటే ప్రోగ్రాం తరఫున ఇంటర్నెట్‌లో డేటా పంపే, తెచ్చే లైబ్రరీ, అంటే ఇతర ప్రోగ్రాములు అరువు తెచ్చుకుని వాడుకునే కోడ్. స్వీడన్‌కు చెందిన డేనియల్ స్టెన్‌బర్గ్ తొంభైలలో ఒక చాట్ బాట్ కోసం కరెన్సీ మారకపు రేట్లు తెచ్చుకోవాలనుకున్నాడు. బ్రెజిల్‌కు చెందిన రఫాయెల్ సగులా రాసిన హెచ్‌టీటీపీగెట్ అనే చిన్న ప్రోగ్రాంను తీసుకుని పెంచుకుంటూ పోయాడు. అదే 1998 మార్చి 20న కర్ల్ పేరుతో బయటికొచ్చింది. 2000లో దాని లోపలి భాగాన్ని ఇతర ప్రోగ్రాములు వాడుకునేలా లైబ్రరీగా విడదీశారు. ఉచితం, లైసెన్సు చాలా సులువు. అందుకే ఫోన్లు, టీవీలు, కార్లు మొదలుకుని మీ కాటా దాకా అన్నిచోట్లా అది ఉంది. 2009లో మీకు సాఫ్ట్‌వేర్ రాసిన ఆయన దాన్ని ఎంచుకోవడం మంచి నిర్ణయమే. ఎందుకో కాస్త కిందికి వెళ్తే తెలుస్తుంది.

మీరు పంపిన ఫైళ్ల జాబితాలో లిబ్‌కర్ల్ 7.19.4 ఉంది, 2009 మార్చిలో విడుదలైనది. దాని పక్కనే లిబ్‌ఈఏవై32, ఎస్‌ఎస్‌ఎల్‌ఈఏవై32 అని రెండు డీఎల్ఎల్‌లు ఉన్నాయి. అవి ఓపెన్‌ఎస్ఎస్ఎల్ అనే ఇంకో లైబ్రరీవి. వెర్షన్ 0.9.8 అని రాశారు. సర్వర్‌తో గుట్టుగా మాట్లాడే పని, అంటే ఎన్‌క్రిప్షన్ అంతా, ఆ రెండిటిదే. లిబ్‌కర్ల్ స్వయంగా ఆ పని చేయదు, వాటికి అప్పగిస్తుంది. చిక్కు అక్కడే ఉంది.

గుట్టుగా మాట్లాడే ఆ పద్ధతి పేరు టీఎల్ఎస్. 1.0 వచ్చింది 1999లో, 1.1 వచ్చింది 2006లో, 1.2 ప్రమాణం 2008 ఆగస్టులో, 1.3 ప్రమాణం 2018 ఆగస్టులో. ప్రమాణం కాగితం మీదికి రావడం వేరు, అది లైబ్రరీలోకి రావడం వేరు. ఓపెన్‌ఎస్ఎస్ఎల్ 1.2 మాట్లాడటం నేర్చుకున్నది 2012 మార్చిలో, 1.0.1 వెర్షన్‌తో. కాబట్టి 2009లో ఎంత జాగ్రత్తగా రాసిన ప్రోగ్రాం అయినా, 0.9.8తో కట్టి ఉంటే దానికి టీఎల్ఎస్ 1.0 వరకే వచ్చు. 2021 మార్చిలో ఇంటర్నెట్ ప్రమాణాలు రాసే ఐఈటీఎఫ్ 1.0ను, 1.1ను అధికారికంగా పక్కన పెట్టేసింది. కొత్తగా పెట్టే ఏ సర్వర్ అయినా ఇప్పుడు సాధారణంగా 1.2తోనే మొదలవుతుంది. మీ హెడ్డాఫీసు వాళ్లు సర్వర్ మార్చినప్పుడు జరిగింది అదే. మీ లాగ్‌లో 35 పక్కన ‘అలర్ట్ ప్రోటోకాల్ వెర్షన్’ అనే ముక్క ఉంది చూడండి. నీ వెర్షన్ నాకు పనికిరాదని సర్వర్ ముఖం మీదే చెప్పిన మాట అది.

ఇలాంటి నంబర్లు నాలుగైదు గుర్తుంటే ఎవరినీ అడగాల్సిన పని ఉండదు. 6 వస్తే సర్వర్ పేరుకు ఐపీ అడ్రస్ దొరకలేదు, అంటే డీఎన్ఎస్ లేదా ఇంటర్నెట్టే లేదు. 7 వస్తే అడ్రస్ దొరికింది కానీ తలుపు తెరవలేదు, ఫైర్‌వాల్ చూసుకోవాలి. 28 అంటే టైమ్ అయిపోయింది. 35 అంటే గుట్టు మాటలు మొదలుపెట్టేటప్పుడే తెగింది. 60 అంటే మాటలు మొదలయ్యాయి కానీ సర్వర్ చూపించిన సర్టిఫికెట్‌ను, అంటే దాని గుర్తింపు పత్రాన్ని, మీ ప్రోగ్రాం నమ్మలేదు. 77 అంటే నమ్మదగిన సర్టిఫికెట్ల జాబితా ఉన్న ఫైలే తెరవలేకపోయింది. ఇప్పుడు మీకు 35 వస్తోంది. అది తీరగానే 60 వస్తుందని ఇప్పుడే చెప్తున్నాను, అప్పుడు కంగారుపడకండి. అది ముందుకు వెళ్లినట్టే లెక్క.

కుర్రాడు వేసిన ఫైల్ ఎందుకు అడ్డం తిరిగిందో కూడా చెప్తాను. మీ విండోస్ 64-బిట్, మీ ప్రోగ్రాం 32-బిట్. టాస్క్ మేనేజర్‌లో ప్రోగ్రాం పేరు పక్కన నక్షత్రం, 32 అని కనిపిస్తుంది, అదే గుర్తు. 32-బిట్ ప్రోగ్రాంలోకి 64-బిట్ డీఎల్ఎల్ ఎక్కదు. ఎక్కించబోతే వచ్చేదే ఆ 0ఎక్స్‌సీ000007బీ. విండోస్ ముందు ప్రోగ్రాం సొంత ఫోల్డర్‌లో వెతుకుతుంది కాబట్టి అక్కడ వేసిన 64-బిట్ ఫైల్ తగులుకుంది. సిస్టమ్32లో వేసినదాన్ని మీ ప్రోగ్రాం చూడను కూడా చూడలేదు. 64-బిట్ విండోస్‌లో 32-బిట్ ప్రోగ్రాములను ఆ పేరుతో సిస్‌వావ్64 ఫోల్డర్‌కు మళ్లిస్తారు. పేర్లు చూస్తే తిరగేసినట్టుంటాయి. 32 అని ఉన్నదాంట్లో 64-బిట్ ఫైళ్లు, 64 అని ఉన్నదాంట్లో 32-బిట్ ఫైళ్లు. ఆ పేర్లు పెట్టినవాళ్లకు ఓ దండం. మనకు కావలసింది ఒకటే. ఒక ప్రోగ్రాంకు చెందిన లైబ్రరీ ఆ ప్రోగ్రాం ఫోల్డర్‌లోనే ఉండాలి, విండోస్ ఫోల్డర్లలో ఎప్పుడూ వేయకూడదు.

ఇక డీఎల్ఎల్ ఫైళ్లు పంచే ఆ సైట్లు. ఫైల్ ఏ వెర్షనో, ఎవరు తయారు చేశారో, లోపల ఏం కలిపారో తెలియదు. సర్వర్ యూజర్‌నేమ్, పాస్‌వర్డ్, రైతుల బరువుల వివరాలు అన్నీ దాటి వెళ్లే ఫైల్ అది. ఊరూపేరూ లేనివాడి దగ్గర తెచ్చి పెట్టుకుంటారా? కంప్యూటర్‌ను ఒకసారి పూర్తిగా స్కాన్ చేయించండి, సర్వర్ పాస్‌వర్డ్ కూడా మార్పించండి.

సరే, దారులు రెండున్నాయి. మొదటిది లిబ్‌కర్ల్‌ను కొత్తదానితో మార్చడం.

2009 నాటి ప్రోగ్రాం కింద ఇప్పటి లైబ్రరీ పెడితే నడుస్తుందా అని మీకు అనుమానం రావాలి. చాలా లైబ్రరీలతో నడవదు. లిబ్‌కర్ల్‌తో మాత్రం నడిచే అవకాశం బాగా ఉంది. 2006 అక్టోబర్‌లో వచ్చిన 7.16.0 తర్వాత వాళ్లు పాత ప్రోగ్రాములు విరిగేలా బయటి రూపాన్ని మార్చలేదు. 2023లో వెర్షన్ 8కి వెళ్లినప్పుడు కూడా మార్చలేదు. పనికిరాకుండా పోయిన ఆప్షన్లకు సైతం వాటి నంబర్లు అలాగే ఉంచారు. మీది 7.19.4, ఆ గీతకు ఇవతలే ఉంది. మంచి నిర్ణయం అన్నది ఇందుకే. సాఫ్ట్‌వేర్ ప్రపంచంలో ఇంతకాలం మాట మీద నిలబడినవాళ్లు అరుదు.

ఓపెన్‌ఎస్ఎస్ఎల్‌కు ఆ గుణం లేదు. కాబట్టి ‘లిబ్‌కర్ల్ అలాగే ఉంచి పక్కనున్న రెండు ఫైళ్లు మాత్రం కొత్తవి వేయి’ అని ఎవరైనా చెబితే వినకండి. 0.9.8కి కట్టిన లిబ్‌కర్ల్ కింద 1.0.2 పెడితే పేర్లు కుదురుతాయి కానీ లోపలి పొందిక కుదురుతుందన్న హామీ లేదు. ఒక్కోసారి నడిచినట్టే నడిచి, రద్దీలో కూలిపోతుంది. 1.1.0 నుంచైతే ఆ ఫైళ్ల పేర్లే మారిపోయాయి.

కర్ల్ సొంత సైట్ కర్ల్ డాట్ ఎస్ఈ. 2020కి ముందు వేరే అడ్రస్‌లో ఉండేది, పాత సమాధానాల్లో ఇంకా ఆ అడ్రసే కనిపిస్తుంది. అక్కడ విండోస్ బిల్డ్‌లలో 32-బిట్ ది తీసుకోండి. 64-బిట్ దాని పేరులో ఎక్స్64 అని ఉంటుంది, అది మీకు వద్దు. వాళ్ల బిల్డ్‌లో ఎన్‌క్రిప్షన్ భాగాన్ని డీఎల్ఎల్ లోపలే కలిపి కడతారు, కాబట్టి లిబ్‌ఈఏవై, ఎస్‌ఎస్‌ఎల్‌ఈఏవై అక్కర్లేదు. అయినా ఆ పాత రెండిటినీ తీసేయకండి. ప్రోగ్రాం వాటిని పాస్‌వర్డ్ దాచడం లాంటి వేరే పనికి నేరుగా వాడుకుంటూ ఉండొచ్చు. ప్రోగ్రాం ఏ పేరుతో ఫైల్‌ను అడుగుతోందో అదే పేరు ఉండాలి. కొన్ని పాత బిల్డ్‌లు లిబ్‌కర్ల్-4 అనే పేరు కోరతాయి. తెరిచేటప్పుడు రన్‌టైమ్ ఫైల్ (ప్రోగ్రాం నడవడానికి అడుగున కావలసిన ఫైల్) ఏదో లేదని అడిగితే, విండోస్ 7కి మైక్రోసాఫ్ట్ ఇచ్చిన యూనివర్సల్ సీ రన్‌టైమ్ అప్‌డేట్, కేబీ2999226, వేయాలి. అదీ మైక్రోసాఫ్ట్ నుంచే.

వేశాక పంపించి చూస్తే 60 వస్తుంది అన్నాను కదా. కారణం, మీ ఫోల్డర్‌లో ఉన్న సర్టిఫికెట్ల జాబితా కూడా 2009దే. ఇప్పుడు చాలా సర్వర్లకు సర్టిఫికెట్లు ఇచ్చే లెట్స్ ఎన్‌క్రిప్ట్ సంస్థ అప్పటికి పుట్టనే లేదు. ఆ సంస్థ మొదట్లో ఆసరా చేసుకున్న పాత రూట్ సర్టిఫికెట్ గడువు 2021 సెప్టెంబర్ 30న ముగిసినప్పుడు కూడా పాత యంత్రాలు ఎన్నో ఒక్కసారిగా మొరాయించాయి. కర్ల్ సైట్‌లోనే మొజిల్లా జాబితా నుంచి తీసిన సీఏసర్ట్.పెమ్ అనే ఫైల్ ఉంటుంది. మీ పాత జాబితా ఫైల్ ఏ పేరుతో ఉందో అదే పేరుతో దాన్ని పెట్టండి. జాబితా మార్చినా 60 పోకపోతే కంప్యూటర్ తేదీ చూడండి. కాటా గదుల్లో కరెంటు పోతూ వస్తూ ఉంటుంది, మదర్‌బోర్డు మీది చిన్న బ్యాటరీ చచ్చిపోయి తేదీ ఎప్పటికో వెళ్లిపోతుంది. తేదీ తప్పుంటే ఏ సర్టిఫికెట్టూ చెల్లదు. ఆ సీఆర్2032 బ్యాటరీ గడియారాల షాపులో కూడా దొరుకుతుంది. స్లిప్ మీద పడే తేదీ అదే కాబట్టి ఎలాగూ మార్చాల్సిందే.

ప్రోగ్రాం తెరుచుకుని, స్లిప్ పంపేటప్పుడు ఒక్కసారిగా మూసుకుపోతే ఇంకో సంగతి. పాత ప్రోగ్రాములు కొన్ని తాము తెరిచిన ఫైల్‌ను నేరుగా లిబ్‌కర్ల్‌కు అప్పగించేవి. విండోస్‌లో రెండూ వేర్వేరు సీ రన్‌టైమ్‌లతో కట్టి ఉంటే అలా అప్పగించడం కుదరదు, కూలిపోతుంది. ఇది మీవైపు నుంచి బాగుపడే రోగం కాదు. అప్పుడు పాత డీఎల్ఎల్ తిరిగి పెట్టేసి రెండో దారికి రండి.

నిజానికి నాకు నచ్చే దారి ఆ రెండోదే. ప్రోగ్రాంను వేలితో కూడా ముట్టుకోం. కొత్త సర్వర్‌కూ పాత ప్రోగ్రాంకూ మధ్య ఒక దుబాసీని కూర్చోబెడతాం. ప్రోగ్రాం తనకు తెలిసినట్టు మాట్లాడుతుంది, దుబాసీ దాన్ని టీఎల్ఎస్ 1.2లోకో 1.3లోకో మార్చి చెన్నైకి పంపుతాడు. ఈ పనికి ఎస్‌టన్నెల్ అనే చిన్న ఉచిత ప్రోగ్రాం ఉంది, విండోస్ సర్వీసుగా నడుస్తుంది, కంప్యూటర్ ఆన్ చేయగానే తనే లేస్తుంది.

అమరిక ఇలా. ఎస్‌టన్నెల్‌ను క్లయింట్ పద్ధతిలో పెట్టి, 127.0.0.1 (అంటే ఆ కంప్యూటర్ తనకు తానే వాడుకునే అడ్రస్) మీద 8085 లాంటి ఖాళీ పోర్టులో వినమనాలి, అందిన దాన్ని సర్వర్ 443 పోర్టుకు పంపమనాలి. దాని సెట్టింగ్స్‌లో సర్వర్ పేరును ఎస్ఎన్ఐ దగ్గర ఒకసారి, చెక్‌హోస్ట్ దగ్గర ఒకసారి రాయాలి. వెరిఫైచైన్‌ను యెస్ చేసి, ఇందాకటి సీఏసర్ట్.పెమ్ ఎక్కడుందో చూపించాలి. చివరి రెండు పనులు చాలామంది వదిలేస్తారు. వదిలేస్తే ఎన్‌క్రిప్షన్ ఉంటుంది కానీ అవతల ఉన్నది నిజంగా మీ సర్వరో కాదో ఎవరూ చూడరు. తర్వాత ప్రోగ్రాం సెట్టింగ్స్ ఫైల్‌లో హెచ్‌టీటీపీఎస్‌తో ఉన్న సర్వర్ అడ్రస్ తీసేసి, హెచ్‌టీటీపీతో 127.0.0.1, పోర్టు 8085 అని రాయాలి. నోట్‌ప్యాడ్‌లో తెరుచుకునే ఫైలే అది.

ఇక్కడ ఒక మెలిక ఉంది. హెచ్‌టీటీపీలో ప్రతి విన్నపంతో పాటు ‘నేను ఫలానా సైట్‌కు వచ్చాను’ అని ఒక పేరు వెళ్తుంది. అడ్రస్ మార్చాక మీ ప్రోగ్రాం ఆ పేరు 127.0.0.1 అని పంపుతుంది. ఎస్‌టన్నెల్ ఆ పేరును ముట్టుకోదు. ఒకే సర్వర్ మీద చాలా సైట్లు ఉంటే అటువైపు నుంచి 404, అంటే పేజీ దొరకలేదని, వస్తుంది, లేదా వేరే పేజీ వస్తుంది. అలా జరిగితే ఎస్‌టన్నెల్ బదులు ఎన్‌జింక్స్ అనే వెబ్ సర్వర్ ప్రోగ్రాం పెట్టుకుని హోస్ట్ పేరు మార్చి పంపమనాలి. లేదంటే విండోస్ హోస్ట్స్ ఫైల్‌లో (ఏ పేరుకు ఏ అడ్రసో రాసిపెట్టే ఫైల్) సర్వర్ పేరుకు 127.0.0.1 అని రాసి, ప్రోగ్రాంకు అసలు పేరే ఇచ్చి, ఎస్‌టన్నెల్‌లో మాత్రం గమ్యాన్ని ఐపీ నంబర్‌తో రాయాలి. అక్కడ పేరు రాస్తే అది మళ్లీ ఆ కంప్యూటర్‌కే తిరిగొస్తుంది, చెన్నై చేరదు. ఐపీతో పెడితే హెడ్డాఫీసు సర్వర్ మళ్లీ మారిన రోజు మీరూ మార్చుకోవాలి, గోడ మీద రాసి పెట్టుకోండి.

సర్వర్ అడ్రస్ సెట్టింగ్స్‌లో లేకుండా ప్రోగ్రాం లోపలే గట్టిగా కట్టేసి ఉంటే ఈ దారి కష్టం. అప్పుడు దుబాసీ ఇటువైపు కూడా పాత టీఎల్ఎస్ మాట్లాడాలి, దానికి మీరే ఒక సర్టిఫికెట్ తయారు చేసి పాత జాబితాలో చేర్చాలి. చేయొచ్చు, కానీ సీజన్ మధ్యలో పెట్టుకునే పని కాదు. అలాంటప్పుడు డీఎల్ఎల్ మార్పే ముందు ప్రయత్నించండి.

ఎస్‌టన్నెల్‌ను కాటా కంప్యూటర్‌లోనే పెట్టాలని లేదు. ఆఫీసు గదిలో ఉన్న కొత్త కంప్యూటర్‌లోనో, రాస్ప్‌బెర్రీ పై అనే అరచేతిలో పట్టే చిన్న కంప్యూటర్‌లోనో పెట్టి, కాటా కంప్యూటర్‌ను దానికి మాత్రమే కేబుల్‌తో కలపండి. నాకు ఈ దారి నచ్చడానికి అసలు కారణం ఇదే. విండోస్ 7కి మైక్రోసాఫ్ట్ ఉచిత భద్రతా అప్‌డేట్లు 2020 జనవరి 14తో ఆగిపోయాయి. ఆ యంత్రాన్ని ఇంటర్నెట్‌కు నేరుగా తగిలించి ఉంచడం కంటే, దానికి బయటి ప్రపంచమే లేకుండా చేసి, ఒక్క పోర్టు ద్వారా ఒక్కచోటికే మాట్లాడనివ్వడం ఎంతో మేలు. యూట్యూబ్ పోతుందని కాటా గదిలో కుర్రాళ్లు గొణుగుతారు, గొణగనివ్వండి.

మీకు నా సలహా ఇది. సీజన్ మధ్యలో ఉన్నారు కాబట్టి ఈ రోజు రాత్రి గేటు మూశాక డీఎల్ఎల్, సర్టిఫికెట్ల జాబితా మార్చి చూడండి. నడిస్తే పెండింగ్ పోతుంది. తోతాపురి కోత తగ్గాక తీరిగ్గా ఎస్‌టన్నెల్ పెట్టించి, ఆ కంప్యూటర్‌ను ఇంటర్నెట్ నుంచి తప్పించండి. చాలామంది మొదటిది నడవగానే రెండోది మర్చిపోతారు. ఇప్పుడే ఎవరికైనా అప్పజెప్పి, తేదీ తీసుకోండి.

చేయకూడనివి కూడా రెండున్నాయి. ఒకటి, సర్టిఫికెట్ తనిఖీ ఆపేసే ఆప్షన్. కొన్ని సాఫ్ట్‌వేర్లలో సెట్టింగ్స్‌లోనే ‘వెరిఫై ఎస్ఎస్ఎల్’ అని ఉంటుంది, దాన్ని నో చేయగానే 60 మాయమవుతుంది, చేసినవాడు హీరో అవుతాడు. లిబ్‌కర్ల్ 2002లో వచ్చిన 7.10 నుంచి ఆ తనిఖీని తనంతట తానే చేస్తోంది, ఆపమని మనం ప్రత్యేకంగా చెబితేనే ఆపుతుంది. ఆపితే దారిలో ఎవడైనా మీ సర్వర్‌నని చెప్పుకుని పాస్‌వర్డ్ తీసుకోవచ్చు, బరువు అంకెలు మార్చి ముందుకు పంపొచ్చు. రైతుకు డబ్బు కట్టేది ఆ అంకెల మీదే. రెండోది, హెడ్డాఫీసు వాళ్లను బతిమాలి సర్వర్‌లో టీఎల్ఎస్ 1.0 మళ్లీ తెరిపించడం. మీ ఒక్క కాటా కోసం వాళ్ల దగ్గరున్న డేటా అంతటికీ గోడ తగ్గించినట్టు అవుతుంది. ఒప్పుకునేవాళ్లు కూడా ఉంటారు, అదే భయం.

ఇదే లక్షణంతో ఉన్నా లిబ్‌కర్ల్ లేని ప్రోగ్రాములు ఉంటాయి. వీబీ6 (విజువల్ బేసిక్ అనే పాత భాష)లో రాసినవి కొన్ని ఎంఎస్ఐనెట్.ఓసీఎక్స్ వాడతాయి, కొన్ని విండోస్ సొంత విన్‌హెచ్‌టీటీపీ వాడతాయి. వాటికి ఎన్‌క్రిప్షన్ విండోసే చేసిపెడుతుంది. విండోస్ 7కి టీఎల్ఎస్ 1.2 వచ్చు, కానీ విన్‌హెచ్‌టీటీపీలో మొదట్నుంచీ అది ఆన్ చేసి ఉండదు. కేబీ3140245 వేసి, రిజిస్ట్రీలో డీఫాల్ట్‌సెక్యూర్‌ప్రోటోకాల్స్ విలువ మార్చాలి. విండోస్ ఎక్స్‌పీ అయితే టీఎల్ఎస్ 1.0తోనే ఆగిపోయింది, దానికి దుబాసీ తప్ప దారి లేదు.

తిరుపతిలో లైనక్స్ మీద నడిచే పాత లాడ్జి సాఫ్ట్‌వేర్లకు ఇదే చుట్టరికం ఉన్న ఇంకో జబ్బు వస్తుంది. మీకు అక్కర్లేదు కానీ ఇదే వెతుక్కుంటూ వచ్చేవాళ్ల కోసం రాస్తున్నాను. సిస్టమ్‌ను అప్‌గ్రేడ్ చేయగానే ‘కర్ల్ ఓపెన్‌ఎస్ఎస్ఎల్ 3 దొరకలేదు’ అని ప్రోగ్రాం ఆగిపోతుంది. డెబియన్, ఉబుంటు అనే లైనక్స్ రకాల వాళ్లు తమ లిబ్‌కర్ల్‌లో సొంత వెర్షన్ ముద్ర వేసుకున్నారు. 2018లో ఓపెన్‌ఎస్ఎస్ఎల్ 1.1కి మారినప్పుడు ఆ ముద్ర 4 అయింది, ప్యాకేజీ పేరు లిబ్‌కర్ల్4 అయింది. ఉబుంటు 18.04లో లిబ్‌కర్ల్3, లిబ్‌కర్ల్4 కలిసి ఉండవు, ఒకటి వేస్తే ఇంకోటి పోతుంది. దానితోపాటు దాని మీద ఆధారపడినవన్నీ పోతాయి. సిస్టమ్ ఫోల్డర్‌లో లింకులు సృష్టించి మభ్యపెట్టొద్దు. పాత ప్యాకేజీని ఇన్‌స్టాల్ చేయకుండా విప్పి, దానికి కావలసిన పాత ఎస్ఎస్ఎల్ ఫైళ్లతో సహా ప్రోగ్రాం సొంత ఫోల్డర్‌లో పెట్టి, ఆ ఒక్క ప్రోగ్రాం మొదలయ్యే స్క్రిప్టులో మాత్రమే లైబ్రరీ దారి చూపించాలి. పాత ఉబుంటును డాకర్‌లో (ప్రోగ్రాంను దాని ఫైళ్లతో సహా విడిగా ఒక పెట్టెలా నడిపే సాఫ్ట్‌వేర్) ఉంచి అందులో నడపడం ఇంకా శుభ్రం. రెండింటిలోనూ పాత ఎస్ఎస్ఎల్‌ను బయటికి వదలకుండా ముందు దుబాసీ ఉండాల్సిందే.

మళ్లీ మీ దగ్గరికి వస్తే, లైన్ తెరుచుకోగానే పెండింగ్ ఫోల్డర్‌లో ఆగిపోయిన స్లిప్పులన్నీ ఒక్కసారిగా చెన్నైకి పరుగెత్తుతాయి. 35 వచ్చినవేవీ అటు చేరలేదు, ఎందుకంటే మాటే మొదలవ్వలేదు. 28 వచ్చినవి మాత్రం అనుమానమే. అవి అక్కడ చేరి, చేరినట్టు జవాబు ఇటు రాకుండా ఆగి ఉండొచ్చు. మళ్లీ పంపితే ఒకే లోడు రెండుసార్లు ఎక్కుతుంది. అందుకని మార్పు చేయబోయే ముందు హెడ్డాఫీసులో లెక్కలు చూసేవాళ్లకు ఫోన్ చేసి, ఒకే స్లిప్ నంబర్ రెండోసారి వస్తే వాళ్ల సాఫ్ట్‌వేర్ తిప్పి పంపుతుందా, కళ్లు మూసుకుని తీసుకుంటుందా అని కనుక్కోండి. తీసుకుంటుందంటే పెండింగ్ ఫోల్డర్‌ను పక్కకు జరిపి, ఒక్క స్లిప్ మాత్రం వదిలి అటు చేరిందని విన్నాకే మిగతావి కొన్ని కొన్నిగా వదలండి. చివర్లో సర్వర్ మారిన రోజు నుంచి మీ డేటాబేస్‌లో ఉన్న స్లిప్ నంబర్లు, నికర బరువుల జాబితా ఒకటి తీసి వాళ్ల జాబితాతో పక్కపక్కన పెట్టి సరిచూడమనండి. ఆ సీజన్ చెల్లింపులు పూర్తయ్యేదాకా పెన్‌డ్రైవ్‌లోని కాపీ చెరపకండి.